మోటారు కొట్టలేని గంట

ఈ ప్రయాణానికి కారణం నా నోరు. ముప్పై ఏళ్ళు హైస్కూల్లో ఫిజికల్ సైన్స్ చెప్పి రిటైరయ్యాను. ఎవరైనా ఫోనులో "చిన్న డౌటండీ" అంటే చాలు, నా కుడిచెయ్యి ఇప్పటికీ సుద్దముక్క కోసం వెతుక్కుంటుంది. పోయిన వానల్లో మా బావమరిది ప్రసాదు అలాగే ఫోను చేశాడు. వాళ్ళది నర్సీపట్నం దాటి రోలుగుంట వెళ్ళే దారిలో ఒక చిన్న ఊరు. అక్కడి చర్చికి అతనే సెక్రటరీ. ఊరి పేరు మాత్రం రాయొద్దని నా దగ్గర మాట తీసుకున్నాడు. ఎందుకో చదివితే మీకే తెలుస్తుంది.

ఆ చర్చి గంట కొట్టేది రాహేలమ్మ గారు. మా ఆవిడ సుగుణకూ ప్రసాదుకూ పిన్ని. పెళ్ళయి ఆ ఊరు వచ్చినప్పటి నుంచీ గంట తాడు ఆవిడ చేతిలోనే ఉంది. ఇప్పుడావిడకి డెబ్బై ఆరు. కుడి భుజం పట్టేసింది. చెయ్యి పైకెత్తొద్దన్నాడు డాక్టరు. ఆవిడ ఆయన ముందు తలూపి వచ్చి, ఆదివారం యథాప్రకారం తాడు లాగి, సోమవారం మంచం ఎక్కారు.

"ఏం చెయ్యమంటారు బావగారూ?" అన్నాడు ప్రసాదు.

"మోటారు పెట్టించెయ్," అన్నాను. అక్కడితో ఆగితే బాగుండేది. యాంత్రిక శక్తి వల్ల లాభాలన్నీ అరగంట సేపు చెప్పాను. మోటారు అలిసిపోదు, టైము తప్పదు, దానికి భుజం పట్టెయ్యదు. నష్టాలు చెప్పలేదు. బళ్ళో కూడా అంతే, ఆ పాఠంలో నష్టాల దాకా వచ్చేసరికి పీరియడ్ అయిపోయేది.

మోటారు పెట్టించాడు. మోటారు తిరిగే విసురుకి ఒక ఇనప సుత్తి వెనక్కి లేచి గంట మీద పడుతుంది. స్విచ్చి నొక్కితే టకటకా ఇరవై దెబ్బలు. ఆదివారం మొదటి గంట, రెండో గంట, పెళ్ళిగంట, అన్నీ బ్రహ్మాండంగా మోగాయి. నాకు ఫోనులో వినిపించారు కూడా.

జనవరిలో ఎనభై ఒక్క ఏళ్ళ యోహాను తాత పోయాడు. చావుగంట పద్ధతి వేరు. పోయిన మనిషి వయసెంతో అన్ని గంటలు, ఒక్కొక్కటీ ఆగి ఆగి కొట్టాలి. పొలాల్లో ఉన్నవాళ్ళు లెక్కపెట్టుకుంటారు. గంట ఆగేసరికి పోయిందెవరో దాదాపు తెలిసిపోతుంది. మోటారుకి ఆగడం తెలీదు కాబట్టి ప్రసాదు నాలుగుసార్లు స్విచ్చి నొక్కి, ఒక దెబ్బ చేత్తో కొట్టించాడు. లెక్క సరిపోయింది. కానీ ఊరంతటికీ వినిపించింది పెద్ద పెళ్ళిగంట! యోహాను తాత మనవడికి సంబంధం కుదురుతోందని అందరికీ తెలుసు. ఇంకేముంది, పట్టుచీరలు కట్టుకుని వచ్చేశారు. ఒకాయన లడ్డూల డబ్బా పట్టుకొచ్చాడు. దాన్ని శవం దగ్గర పెట్టలేక, వెనక్కి పట్టుకెళ్ళలేక, సమాధి కార్యక్రమం అయ్యేదాకా చంకలోనే పెట్టుకుని నించున్నాడట.

నేను పడీ పడీ నవ్వాను. సుగుణ నవ్వలేదు.

"మా పిన్ని ఏమందో తెలుసా? 'నేను పోతే నాకూ ఈ పెళ్ళిగంటే కొడతారేటి?' అందిట. అప్పటినుంచి గంట మోగినప్పుడల్లా చెవుల్లో కొంగు కుక్కుకుని కూచుంటోందిట. మీరు పెట్టించిందే కదా, మీరే వచ్చి బాగుచెయ్యండి."

అలా ఫిబ్రవరిలో ఒక శుక్రవారం పొద్దున్న ఆరున్నరకి విశాఖపట్నం స్టేషన్‌లో తేలాం. నా ఒళ్ళో అట్టపెట్టె, అందులో మోటారు వేగం తగ్గించే రెగ్యులేటర్. దాన్ని తిప్పితే మోటారు నెమ్మదిస్తుంది, చావుగంట దానంతటదే వస్తుంది అని నా లెక్క.

మీలో ఎవరైనా నర్సీపట్నం వెళ్ళదల్చుకుంటే ఒక సంగతి. రైల్వేవాళ్ళ దగ్గర నర్సీపట్నం రోడ్ అని ఒక స్టేషన్ ఉంది. పేరు చూసి, దిగితే ఊరొచ్చేస్తుందనుకుంటాం. అక్కణ్ణించి మొదలయ్యేది రోడ్డు మాత్రమే, నర్సీపట్నం పాతిక కిలోమీటర్లకి అటూ ఇటూగా ఉంటుంది. సుగుణ బస్సులో పోదామంది. రైలు చవక, హాయి అని నేను పట్టుబట్టాను. చవక మాట నిజమే. ఇద్దరి టికెట్లూ కలిపినా మేం స్టేషన్లో తిన్న ఇడ్లీల ఖరీదు కాలేదు.

ఎదురు సీట్లో గొలుగొండ రైతు ఒకాయన కూచున్నాడు. కాళ్ళ మధ్య కొత్త బ్యాటరీ స్ప్రేయరు. నా పెట్టె వంక చూసి, "ఏటండీ అది?" అన్నాడు. చెప్పాను. సబ్జెక్టు వచ్చింది కదా అని శక్తి గురించి కూడా నాలుగు ముక్కలు చెప్పాను. ఆయన ఓపిగ్గా విన్నాడు.

"పాత చేతి పంపుతో మందు కొడితే భుజం నొప్పొక్కటేనండీ," అన్నాడు ఆఖరికి. "బ్యాటరీది కొన్నాక భుజం నొప్పి నేదు. చార్జింగ్ పెట్టానా నేదా, కరెంటుందా నేదా, మా మనవడు పీకీసి ఫోను పెట్టుకున్నాడా, ఇదే బెంగ. మళ్ళీ రిపేరుకొచ్చినాది. రిపేరు సెయ్యరు, కొత్తది కొనమంటారు. ఇదిగో, కొన్నాను."

నష్టాల పాఠం ఇంత బాగా నేనెప్పుడూ చెప్పలేదు. సుగుణ కిటికీ వైపు తిరిగి నవ్వుకుంది.

ఎనిమిదీ ముప్పావుకి నర్సీపట్నం రోడ్లో దిగాం. ఆటో నిండేదాకా కదలదన్నాడు డ్రైవరు. నిండింది అంటే మనమనుకునే నిండటం కాదు. పదిమంది ఎక్కాక కూడా అతను రోడ్డు వంక ఆశగా చూస్తూనే ఉన్నాడు. తొమ్మిదిన్నరకి కదిలాం. దారిలో చెరకు ట్రాక్టరు ఒకటి ముందుకొచ్చి చేరింది. రోడ్డు మొత్తం దానిదే. వెనక మేం, మా వెనక ఒక బస్సు, ఊరేగింపుగా నడిచాం. ట్రాక్టర్లోంచి జారిపడిన గడని ఆటో ఆపి మరీ తీసుకుని, విరిచి అందరికీ పంచాడు మా డ్రైవరు. నాకొచ్చిన ముక్క నా పళ్ళకి లొంగలేదు. పక్కనున్న ముసలావిడ జాలిపడి తన ముక్క తొక్క తీసి ఇచ్చింది.

నర్సీపట్నంలో ఆర్టీసీ కాంప్లెక్స్ దగ్గర దిగేసరికి పదకొండు. ఉండాల్సి వస్తే చుట్టుపక్కల లాడ్జీలున్నాయి. పక్క హోటల్లో పెసరట్టు ఉప్మా బాగుంది, అల్లం చట్నీ మాత్రం అడిగి రెండోసారి వేయించుకోండి, మొదటిసారి బొట్టు పెట్టినట్టు వేస్తారు. అక్కడికి ప్రసాదు బండి వేసుకుని వచ్చాడు. మమ్మల్ని ఆటో ఎక్కించి, దారి చూపిస్తూ తను బండి మీద ముందు సాగాడు. దారి పొడుగునా జీడిమామిడి తోటలు పూతలో ఉన్నాయి. చర్చి శిఖరం కనబడగానే సుగుణ గొంతు సవరించుకుంది. యుద్ధానికి తయారవుతోందని అర్థమయింది.

రాహేలమ్మ పిన్నిగారు అరుగు మీద కూచుని కందులు ఏరుతున్నారు, ఎడంచేత్తో. సుగుణని దగ్గరికి తీసుకుని ముద్దుపెట్టుకున్నారు. నా వంక చూడలేదు.

"సుగుణా, మీ ఆయన్ని కాళ్ళు కడుక్కోమను," అన్నారు.

నేను అడుగు దూరంలోనే ఉన్నాను. కడుక్కున్నాను.

"మీ ఆయన కాఫీ తాగుతాడా, కరెంటు తాగుతాడా అడుగు."

కాఫీ అన్నాను. ఆ రోజంతా అదే వరస. అన్నంలోకి ఆనపకాయ పులుసూ, వేయించిన నెత్తళ్ళ చేపలూ పెట్టారు. ముద్ద నోట్లో ఉండగానే, "మీ ఆయనకి ఉప్పు సరిపోయిందేమో కనుక్కో" అని సుగుణని లోపలినుంచి కేకేశారు. కోపంలో కూడా నెత్తళ్ళు రెండోసారి వడ్డించడం మానలేదు.

శనివారం పొద్దున్న ఎనిమిదింటికి నేనూ ప్రసాదూ గంట గోపురం ఎక్కాం. ఎలక్ట్రీషియన్ వచ్చి రెగ్యులేటర్ బిగించాడు. పిన్నిగారు కింద స్టూలు వేసుకుని కూచున్నారు, కొంగు చేతిలో సిద్ధంగా ఉంచుకుని. నేను పైనుంచి పాఠం చెబుతున్న గొంతుతో, "ఇప్పుడు వేగం తగ్గిస్తున్నాం," అని ప్రకటించి రెగ్యులేటర్ తిప్పాను.

మోటారు నెమ్మదించింది. సుత్తి నెమ్మదిగా వెనక్కి వెళ్ళింది. నెమ్మదిగా ముందుకొచ్చింది. గంటకి బెత్తెడు దూరంలో ఆగి వెనక్కి తిరిగింది. మళ్ళీ వచ్చింది, మళ్ళీ ఆగింది. చప్పుడు లేదు. మోటారు మాత్రం మూలిగింది.

"ఇదేంటి బావగారూ?" అన్నాడు ప్రసాదు.

ఏంటో నాకు తెలుసు. వేగం సగమైతే దెబ్బలో శక్తి సగం కాదు, నాలుగో వంతవుతుంది. ముప్పై ఏళ్ళు బోర్డు మీద రాసిన లెక్క. తప్పు రాసిన పిల్లల్ని బెంచీ ఎక్కించాను. ఇప్పుడు నేను ఎవరూ ఎక్కించకుండానే గోపురం ఎక్కి నించున్నాను. సుత్తి అంత బలంగా పడాలంటే మోటారు అంత జోరుగా తిరగాలి, జోరుగా తిరిగితే అది పెళ్ళిగంటే. వేరే మోటారు, వేరే ఏర్పాటు ఏదో ఉండే ఉంటుంది. నా దగ్గర మాత్రం ఉన్నది అట్టపెట్టె ఒక్కటే.

కిందికి దిగాను. పిన్నిగారి ముఖంలో నేననుకున్న వెక్కిరింత లేదు. ఆవిడ కళ్ళు నీళ్ళతో ఉన్నాయి. అది చూసి నాకు నిజంగా సిగ్గేసింది. ఊళ్ళో ఎందరినో సాగనంపిన మనిషి. ఎవరికీ ఒక్క గంట తక్కువ కొట్టలేదు. పసిబిడ్డ పోతే ఒక్కటే కొట్టి, తాడు పట్టుకుని అక్కడే కూచుండిపోయేదని సుగుణ చెప్పింది. అలాంటావిడకి తన వంతు వచ్చేసరికి టకటకా ఇరవై దెబ్బలా? నేను ఫోనులో అరగంట మాట్లాడి చేసిన పని ఇది.

"తాడు ఇంకా ఉందా పిన్నిగారూ?" అన్నాను.

"సుగుణా, తాడుకేటి, మేకుకి సుట్టి ఉంది అని సెప్పు."

"నాకు నేర్పుతారా?"

ఆవిడ మొదటిసారి నా వంక తిన్నగా చూశారు. చేతులు చూశారు. "సుద్దముక్క సేతులు," అన్నారు సుగుణతో. కానీ లేచారు.

సుత్తిని వెనక్కి లాగి కట్టేశాం. ప్రసాదు ముందు జాగ్రత్త మనిషి. ఊరు కంగారుపడుతుందని చర్చి మైకులో మూడుసార్లు చెప్పాడు, "ఇది ప్రాక్టీసు మాత్రమే, ఎవరూ పోలేదు" అని. నేను తాడు పట్టుకుని లాగాను. కదల్లేదు. ఇంకొంచెం బలంగా లాగాను. గంట ఊగింది, మోగింది, తిరుగు ఊపులో తాడు పైకి లాక్కుపోయి నా మడమలు నేల మీంచి లేచాయి. ఆపేలోగా ఇంకో రెండు మోగింది.

"లాగడం గేదె కూడా లాగుతాది," అన్నారు పిన్నిగారు. ఈసారి సుగుణ వైపు తిరగలేదు. "ఒకటి మోగాక తాడుని పట్టుకోవాలి. గట్టిగా కాదు, బిడ్డని పట్టుకున్నట్టు. దాని ఊపంతా నీ సేతుల్లోకి వొచ్చీయాలి. అప్పుడు ఊపిరి తీసుకుని, వొదిలి, రెండోది."

చెప్పడం తేలిక. గంటకి నేనిచ్చిన శక్తి అంతా తిరిగి నా అరచేతుల్లోకే వచ్చింది, వడ్డీగా బొబ్బలు కూడా వచ్చాయి. పదకొండున్నర దాటాక ఒక్కో దెబ్బా విడిగా, శుభ్రంగా పడటం మొదలైంది. పన్నెండింటికి కాస్త ముందు పిన్నిగారు, "ఇప్పుడు నాది కొట్టు," అన్నారు. "డెబ్బై ఆరు. మజ్జలో ఆపీకు. ఇంటాను."

సుగుణ "పిన్నీ!" అంది. ఆవిడ వినిపించుకోలేదు. గోడకి చేరబడి కళ్ళు మూసుకున్నారు.

కొట్టాను. ఒకటి. ఊపిరి. రెండు. పాతికకి భుజాలు మంటలు. నలభైకి లెక్క తప్పుతానేమోనని భయం, ప్రసాదు వేళ్ళు మడుస్తూ పక్కన నించున్నాడు. అరవైకి నా చేతులు నావి కావనిపించింది. పిన్నిగారి పెదాలు కదులుతున్నాయి, ఆవిడా లెక్కపెట్టుకుంటున్నారు. డెబ్బై అయిదు. ఊపిరి. డెబ్బై ఆరు. తాడు పట్టి ఆపాను. గంట చప్పుడు తోటల మీదుగా పోయి పోయి సన్నగిల్లింది.

అప్పుడు వినిపించాయి, పరుగులు.

జరిగిందేమిటంటే, ప్రసాదు మైకులో చెప్పినప్పుడు ఊరి చివర బెల్లం క్రషర్ ఇంజను నడుస్తోంది. సగం ఊరు అక్కడే ఉంది. ఆ మోతలో మైకు ఎవరి చెవినా పడలేదు. సరిగ్గా పిన్నిగారి గంట మొదలయ్యేసరికి అన్నాలకని ఇంజను ఆపారు. నిశ్శబ్దంలో డెబ్బై ఆరూ స్పష్టంగా విన్నారు. వయసు లెక్క చూసుకున్నారు. ఊళ్ళో డెబ్బై ఆరేళ్ళవాళ్ళు ఇద్దరే, రాహేలమ్మ గారూ, సత్యానందం గారూ. కొందరు సత్యానందం గారింటికి పరుగెత్తారు. ఆయన పీట మీద కూచుని అన్నం తింటున్నాడు. అంటే పోయింది రాహేలమ్మే.

బెల్లం పాకం అంటుకున్న చేతులతో వచ్చారు. చెరకు కత్తులు గట్టున పడేసి వచ్చారు. ఒకావిడ బంతిపూలు చేతికందినన్ని తెంపుకొచ్చింది. లడ్డూల పెద్దమనిషి ఈసారి వట్టి చేతులతో, ఏడుస్తూ వచ్చాడు. చర్చి గుమ్మంలోకి వచ్చి అందరూ ఒక్కసారి ఆగిపోయారు. పిన్నిగారు గోడకి చేరబడి కూచుని, వాళ్ళ వంక ఒక్కొక్కరినే చూస్తున్నారు.

ప్రసాదు రెండు చేతులూ ఎత్తి, "ప్రాక్టీసు! ప్రాక్టీసు!" అని అరిచాడు. ఆ క్షణంలో అతని సెక్రటరీ పదవి మీద నేను ఆశ వదులుకున్నాను.

అందరికన్నా వెనక సత్యానందం గారు వచ్చాడు, ఎంగిలిచెయ్యి గాల్లో పట్టుకుని, రొప్పుతూ. "ఏటే రాహేలూ, బతికే ఉన్నావేటే! నన్ను సంపీడానికా ఈ గంట?" అన్నాడు. అని అక్కడే మెట్టు మీద కూలబడి భోరున ఏడ్చాడు.

"అన్నం మజ్జలో నెగిసి వొచ్చీసినాడు సూడు," అన్నారు పిన్నిగారు. నవ్వుతూనే కొంగుతో కళ్ళు తుడుచుకున్నారు. "అందరూ వొచ్చీసినారు." తరవాత జనంలోకి మళ్ళీ తేరిపార చూసి, "ఆ కిరాణా కొట్టోడు రానేదేటి?" అన్నారు.

తిట్టాల్సిన జనం నవ్వడం మొదలెట్టారు. తిట్లు కూడా పడ్డాయి, అవి నాకూ ప్రసాదుకీ. తెచ్చిన బంతిపూలు వెనక్కి పట్టుకెళ్ళడమెందుకని ఆవిడ ఒళ్ళోనే పోశారు.

ఆదివారం మొదటి గంట, రెండో గంట మోటారే కొట్టింది. పిన్నిగారు కొంగు చెవుల్లో పెట్టుకోలేదు. "దీనికి అదే ఉండనీ," అన్నారు. "దానికి భుజం నేదు కదా, పాపం." ఆరాధన అయ్యాక సంఘం ముందు ఆవిడే లేచి, చావుగంట ఇకమీద తాడుతోనే అని చెప్పారు. ప్రసాదూ ఇంకో ఇద్దరూ నేర్చుకోవాలి. ప్రాక్టీసుకి ముందు ఇంటింటికీ వెళ్ళి చెప్పాలి, మైకు పనికిరాదు. "నా గంట మాత్రం," అని నా వైపు వేలు చూపించారు, "మోటారెట్టించినోరే కొట్టాలి."

భోజనాలయ్యాక రెండున్నరకి బయల్దేరాం. గుమ్మం దాకా వచ్చి, నాలుగు బెల్లం ముక్కలు కాగితంలో చుట్టి నా చేతికే ఇచ్చారు, సుగుణకి కాదు. బొబ్బలు చూసి చిన్నగా ఊదారు.

"అల్లుడుగారూ, కబురొచ్చినప్పుడు మాత్రం ఆ రోడ్డు టేసన్లో దిగీకండి. బస్సెక్కి రండి. బేగొస్తారు."

బస్సే ఎక్కాం. నర్సీపట్నం కాంప్లెక్స్ నుంచి విశాఖపట్నానికి బస్సులకి కొదవ లేదు, మూడు గంటల ప్రయాణం, కిటికీ సీటు కూడా దొరికింది. వచ్చేటప్పుడు రైలెందుకన్నారు అని సుగుణ అడగలేదు. అడగకపోవడంలోనే అంతా ఉంది. ఈ యాత్రలో యాంత్రిక శక్తికి నేను కనిపెట్టిన నష్టం ఒక్కటే, అది ఎవరికోసమూ ఊపిరి పీల్చుకోదు. లాభం కూడా రాసుకోవాలి కదా, పిన్నిగారి భుజం నెమ్మదిస్తోంది.

అనకాపల్లి దాటాక గమనించాను, ముందు సీటు ఇనప కడ్డీ మీద నా వేలు కొడుతోంది. ఒకటి. ఊపిరి. రెండు. పక్కసీటాయన కాసేపు విని, గొంతు తగ్గించి అడిగాడు.

"ఎవరైనా పోయారేటండీ?"

"లేదండీ, బాగున్నారు," అన్నాను. "ఆవిడ కోసమే నేర్చుకుంటున్నాను. తొందరేం లేదు, వచ్చే ఏడాదికి ఇంకొకటి ఎక్కువ కొట్టాలి."